ఇంట్లో మరణం జరిగాక తిరిగి ఉద్యోగానికి ఎప్పుడు వెళ్లాలి?

మీ తండ్రిగారు పోయి మూడు వారాలైందనీ, ఉద్యోగంలో తిరిగి చేరడానికి ఎన్నాళ్లు ఆగితే సరిపోతుందో చెప్పమనీ అడిగారు. నేను ఇరవై ఆరేళ్లు రేడియోలో అనౌన్సరుగా పనిచేశాను. కొడుకును పోగొట్టుకున్నాక ఆ ఉద్యోగం వదిలి, గత పన్నెండేళ్లుగా ఆప్తులను కోల్పోయినవారితో కూర్చోవడం, వారి తరఫున యాజమాన్యాలతో మాట్లాడటమే పనిగా పెట్టుకున్నాను. నా దృష్టిలో సెలవు ఎన్ని రోజులన్నది రెండో ప్రశ్న. తిరిగి వెళ్లిన చోట పోయినవారి పేరు పలికే వీలుందా లేదా అన్నదే మొదటి ప్రశ్న.

మా అబ్బాయి పందొమ్మిదో ఏట రోడ్డు ప్రమాదంలో పోయాడు. పదిహేడో రోజున నేను సాయంత్రం డ్యూటీకి వెళ్లాను. ఇంట్లో ఉండలేక వెళ్లానే తప్ప కోలుకుని కాదు. అధికారి ఎంతో మర్యాదగా, "శ్రోతలకు ఏమీ తెలియనివ్వకండి, గొంతులో తేడా రాకూడదు" అన్నారు. నేను గదిలో అడుగుపెట్టగానే సహోద్యోగుల మాటలు ఆగిపోయాయి. వాడిని పసితనంలో ఎత్తుకుని తిప్పినవారు కూడా ఆ రోజు వాడి పేరు ఎత్తలేదు. నేను ఏడుస్తానేమోనని వారి భయం. అప్పటికే లోలోపల ఏడుస్తున్న మనిషికి ఆ జాగ్రత్త వల్ల ఒరిగిందేమీ లేదు.

స్టూడియోలో ఎర్రదీపం వెలిగింది. మైకు ధ్వనిని పెంచే ఫేడరు మీటను పైకి జరిపి సమయం చెప్పాను. శ్రోతలు ఫోన్ చేసి పాటలు కోరుకునే కార్యక్రమం అది. మూడో కాల్ ఒక పెద్దాయనది. ఆయన పాట అడగలేదు. "ఇన్నాళ్లూ మీ గొంతు వినబడలేదేమమ్మా, ఒంట్లో బాగుంటోందా?" అన్నారు. "మా అబ్బాయి పోయాడండీ" అన్న మాట నా ప్రమేయం లేకుండానే బయటికి వచ్చేసింది. అద్దం అవతల కంట్రోల్ రూములో ఇంజినీరు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. నాలుగు క్షణాలు నిశ్శబ్దం వచ్చినా శ్రోత స్టేషన్ మార్చేస్తాడని ఈ వృత్తిలో మొదటి రోజే నేర్పుతారు. ఆ పెద్దాయన మాత్రం ఆ నిశ్శబ్దాన్ని పూరించడానికి తొందరపడలేదు. కాసేపటికి "పేరేమిటి తల్లీ?" అన్నారు. చెప్పాను. ఆయన ఆ పేరును ఒకసారి నెమ్మదిగా పలికి, "ఎలాంటి పాటలు వినేవాడు?" అని అడిగారు. ఎలా పోయాడు, ఎక్కడ పోయాడు అని కాకుండా, వాడు ఎలా బతికాడో నన్ను అడిగిన మొదటి మనిషి ఆయనే. మరునాడు అధికారులు నన్ను సంజాయిషీ అడిగారు. ఇచ్చాను, కానీ క్షమాపణ రాయలేదు.

ఆ రాత్రి ఇంటికి వెళ్లి వాడి గొంతున్న కేసెట్ వెతికి తీశాను. వాడు ఏడేళ్లప్పుడు పిల్లల కార్యక్రమంలో పద్యాలు చదివాడు. కేసెట్లో ఉన్నది నకలు. అసలు స్టూడియో టేపును ఎడిట్ చేసింది నేనే. సెకనుకు ఏడున్నర అంగుళాల చొప్పున నడిచే టేపు మీద అర సెకను ఊపిరి అంటే దాదాపు నాలుగు అంగుళాలు. బ్లేడుతో ఏటవాలుగా కోసి, స్ప్లైసింగ్ టేపుతో అతికించి, వాడు గాలి పీల్చుకున్న చోటల్లా తీసేశాను. నేల మీద పడిన ఆ ముక్కలను ఊడ్చి పారేశారు. ఇప్పుడు ఆ కేసెట్లో పద్యం మీద పద్యం శుభ్రంగా వినబడుతుంది, వాడి ఊపిరి మాత్రం వినబడదు. చివరి పద్యానికి ముందు, టైము చాలక నేను వదిలేసిన ఊపిరి ఒక్కటి మిగిలింది. మీ నాన్నగారి గొంతు మీ ఫోనులో ఉంటే ఈ రోజే మరోచోట కూడా దాచుకోండి. దగ్గులూ తడబాట్లూ కత్తిరించకండి.

ఇక ఓదార్చేవారు ఎత్తే దుఃఖపు "అయిదు దశల" (నిరాకరణ, కోపం, బేరసారాలు, కుంగుబాటు, అంగీకారం) గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే మా సమావేశాలకు వచ్చేవారిలో చాలామంది తాము ఏ దశలో వెనకబడ్డామోనన్న అపరాధభావంతో వస్తారు. 1969లో మనోవైద్యురాలు ఎలిజబెత్ కుబ్లర్-రాస్ ఆ దశలను వివరించింది మరణం ముంగిట ఉన్న రోగులను గమనించి. వాటిని బతికి ఉన్నవారి దుఃఖానికి పట్టికలా తగిలించడం తరువాత జరిగింది. నాకు నిజమనిపించింది 1999లో స్ట్రోబ్, షుట్ అనే పరిశోధకులు ప్రతిపాదించిన మాట: మనిషి పోయినవారి తలపులోకీ రోజువారీ పనుల్లోకీ మారిమారి వెళ్తూ వస్తూ ఉంటాడు, ఆ రాకపోకలే కోలుకునే తీరు. ఉదయం ఫైలు చూసి మధ్యాహ్నం బాత్రూములో ఏడ్చినంత మాత్రాన మీరు తొందరపడి చేరారని అర్థం కాదు. దీర్ఘకాల దుఃఖాన్ని రుగ్మతగా గుర్తించడానికి వైద్యులు కనీసం ఆరు నెలలనో, అమెరికా మనోవైద్యుల 2022 ప్రమాణాల ప్రకారం పెద్దవారికి పన్నెండు నెలలనో అంటారు. అది రోగనిర్ధారణకు పెట్టుకున్న కొలత. ఆలోగా మామూలు మనిషి కావాలన్న గడువు అందులో ఎక్కడా లేదు.

సెలవు సంగతికి వస్తే, ఉన్నదంతా ఒక్కసారే వాడేయకండి. బ్రిటన్‌లో 2020 నుంచి, పద్దెనిమిదేళ్లలోపు బిడ్డను కోల్పోయిన ఉద్యోగులకు రెండు వారాల సెలవు హక్కుగా ఉంది. ఆ రెండు వారాలనూ విడివిడిగా, మరణం జరిగిన 56 వారాలలోపు ఎప్పుడైనా తీసుకోవచ్చు. ఆ నియమం రాసినవారికి దుఃఖం తెలుసని నేను నమ్ముతాను, తల్లిదండ్రులు పోయినప్పుడు కూడా అలాంటి వీలు ఉండాలని ప్రతి యాజమాన్యాన్నీ అడుగుతాను. మీరు కొన్ని రోజులు చేతిలో ఉంచుకోండి. మీ నాన్నగారి పుట్టినరోజు వస్తుంది, ఆయన పేరున ఏదో ఉత్తరం వస్తుంది, అప్పుడు అవసరం పడతాయి. వీలైతే మొదటి వారం సగం పూటలే వెళ్లండి. వెళ్లే ముందురోజు, మీకు నమ్మకమున్న ఒక సహోద్యోగికి ఫోన్ చేసి, "రేపు నన్ను చూసి మాటలు ఆపేయవద్దు, మా నాన్న గురించి అడుగు" అని చెప్పండి.