13 జట్లు వద్దు, ఒక్క 2015 రాయి

పెరంబూరు, చెన్నై

అమ్మాయ్,

అమెరికా బాస్కెట్‌బాల్ ఆటగాడు ఇష్ స్మిత్ మీద నీ వ్యాసం చదివాను. "మొహమాటపడకుండా చెప్పండి బాబాయ్" అని రాశావు కాబట్టి సూటిగానే మొదలుపెడతాను. మొదటి రెండు పేజీలు తీసెయ్.

ఆ రెండు పేజీల్లో ఏముంది? హ్యూస్టన్, మెంఫిస్, గోల్డెన్ స్టేట్, ఒర్లాండో, మిల్వాకీ, ఫీనిక్స్, ఓక్లహోమా సిటీ, న్యూ ఆర్లీన్స్, ఫిలడెల్ఫియా, డెట్రాయిట్, వాషింగ్టన్, షార్లెట్, డెన్వర్. అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏలో ఇష్ స్మిత్ ఆడిన 13 జట్లకీ జట్టుకో పేరా చొప్పున కేటాయించావు. ప్రతి పేరాలోనూ వచ్చాడు, ఆడాడు, వెళ్లాడు. సాయంత్రం ఓఎంఆర్ రోడ్డు మీద ఆఫీసు బస్సులో ఫోన్ పట్టుకుని చదివే మనిషి మెంఫిస్ దగ్గరే దిగిపోతాడు. అంత కష్టపడి సేకరించింది తీసెయ్యమంటే ప్రాణం ఒప్పదని తెలుసు. పారెయ్యకు, దగ్గర పెట్టుకో. నీకు అన్నీ తెలిసి ఉండాల్సిందే, అన్నీ పాఠకుడికి అప్పజెప్పనక్కర్లేదు.

13 అనే అంకె చూసి మురిసిపోయావు. అది రికార్డే, కాదనను. అంతకు ముందు 12 జట్లకు ఆడినవాళ్లు నలుగురుండేవారు: చకీ బ్రౌన్, జిమ్ జాక్సన్, టోనీ మాసెన్‌బర్గ్, జో స్మిత్. 2022-23 సీజన్‌లో డెన్వర్ తరఫున కోర్టులోకి దిగగానే ఇష్ వాళ్లను దాటాడు. సరే, ఇప్పుడా జో స్మిత్‌ని చూడు. 1995 డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు వంతులవారీగా రౌండ్లలో కొత్త కుర్రాళ్లను ఎంచుకునే చోట, మొట్టమొదట పిలిచిన పేరు అతనిది. అదే డ్రాఫ్ట్‌లో కెవిన్ గార్నెట్ అయిదోవాడు. ఇష్ స్మిత్ సంగతేమిటి? 2010 డ్రాఫ్ట్‌లో 60 పేర్లు పిలిస్తే అందులో అతని పేరే లేదు. ఒకడు కొండంత ఆశల మధ్య వచ్చి, వెళ్లిన ప్రతి జట్టులోనూ ఆ ఆశలకు జవాబు చెప్పుకున్నాడు. ఇంకొకడి మీద ఎవరికీ ఏ ఆశా లేదు. మాసెన్‌బర్గ్ కథ మరోలా ఉంటుంది: 1990లో తనను ఎంచుకున్న శాన్ ఆంటోనియోకే చివర్లో తిరిగొచ్చి 2005లో ఛాంపియన్‌షిప్ అందుకున్నాడు. ముగ్గురి లెక్కా ఇంచుమించు ఒకటే, బతుకులు మాత్రం ఎక్కడా కలవవు. కాబట్టి ఆ అంకెను ఒక్కసారి చెప్పి వదిలెయ్. నువ్వు తొమ్మిది చోట్ల చెప్పావు.

(జో స్మిత్‌కీ మిన్నెసోటాకీ మధ్య జరిగిన రహస్య ఒప్పందం బయటపడి, 2000లో లీగ్ ఆ జట్టుకి 35 లక్షల డాలర్ల జరిమానా వేసింది. డ్రాఫ్ట్‌లో తొలి రౌండు అవకాశాలు కూడా లాక్కుంది. అది వేరే వ్యాసం. నువ్వు రాయకపోతే నేను రాస్తాను.)

ఇక ట్రేడ్ సంగతి. దాన్ని ఇక్కడి ఐటీ వాళ్లు కంపెనీ మారడంతో పోల్చావు. చదవడానికి హాయిగా ఉంది కానీ విషయం తప్పు. నువ్వు కంపెనీ మారితే రాజీనామా నువ్వే ఇస్తావు, హైక్ కూడా నువ్వే అడుగుతావు. అక్కడ ఒక జట్టు ఆటగాడి కాంట్రాక్టునే ఇంకో జట్టుకి బదిలీ చేస్తుంది. జీతం అదే, గడువు అదే, ఊరు మాత్రం మారిపోతుంది. వద్దు అనే హక్కు కాంట్రాక్టులో రాయించుకోగలిగినవాళ్లు లీగ్ మొత్తంలో అతి కొద్దిమంది. జట్ల జీతాల ఖర్చుకు సాలరీ క్యాప్ అనే పరిమితి ఉంది కదా, దాన్ని దాటిన జట్టు ఒక పేరున్న ఆటగాణ్ని తెచ్చుకోవాలంటే ఇంచుమించు అంత జీతమూ అవతలికి పంపాలి. లెక్క సరిపెట్టడానికో, జట్టులో ఖాళీ చేసుకోవడానికో చిన్న కాంట్రాక్టులను అందులో కలుపుతారు. ఇష్ స్మిత్ పేరు చాలాసార్లు అలా పక్కన కనిపించేదే. 2011 ఫిబ్రవరిలో హ్యూస్టన్ నుంచి మెంఫిస్ వెళ్లినప్పుడు వార్త షేన్ బాటియే గురించి. 2013 ఫిబ్రవరిలో ఒర్లాండో నుంచి మిల్వాకీ వెళ్లినప్పుడు వార్త జె.జె. రెడిక్ గురించి. 2022లో డెన్వర్‌కి కావలసింది కెంటావియస్ కాల్డ్‌వెల్-పోప్, అతనితో పాటు ఇష్ కూడా వచ్చాడు. ఈ మూడూ నీ వ్యాసంలో ఉన్నాయి, ఆ పక్క పేర్లు మాత్రం లేవు. అవి లేకపోతే అతను ఎందుకు కదులుతున్నాడో పాఠకుడికి ఎలా తెలుస్తుంది? బుద్ధి నిలకడ లేక తిరుగుతున్నాడనుకుంటాడు. ఫిబ్రవరి మళ్లీ మళ్లీ ఎందుకొస్తోందో కూడా ఒక్క వాక్యంలో చెప్పు: ట్రేడ్‌ల గడువు ముగిసేది ఆ నెలలోనే.

ఇప్పుడు అసలు విషయానికొస్తాను. నేను నిన్ను రాయమనేది 2015. ఆ ఒక్క ఏడాదీ. నువ్వు దాన్ని నాలుగు ముక్కల్లో తేల్చేశావు.

ఏం జరిగిందో వరసగా చూడు. ఫిబ్రవరిలో ఓక్లహోమా సిటీ అతన్ని న్యూ ఆర్లీన్స్‌కి పంపింది, ఎదురు కొంత డబ్బు కూడా ఇచ్చి మరీ. న్యూ ఆర్లీన్స్ అతనితో ఒక్క మ్యాచ్ కూడా ఆడించకుండా వదిలేసింది. ఫిలడెల్ఫియా తీసుకుంది. సీజన్ అయ్యాక కొత్త కాంట్రాక్టు రాలేదు. అక్టోబరులో వాషింగ్టన్ ప్రాక్టీసుకు పిలిచి, సీజన్ మొదలవకముందే పంపేసింది. మళ్లీ అదే న్యూ ఆర్లీన్స్ తీసుకుంది, ఈసారి ఆడించింది. డిసెంబరు 24న ఫిలడెల్ఫియా అతని కోసం రెండు రెండో రౌండు డ్రాఫ్ట్ అవకాశాలు ఇచ్చి వెనక్కి తెచ్చుకుంది. ఫిబ్రవరిలో డబ్బు ఎదురిచ్చి వదిలించుకున్న మనిషిని డిసెంబరులో ధర కట్టి కొన్నారు. ఈ పది నెలల్లో అతను మారిపోయాడా? లేదు. అదే ఆరడుగుల మనిషి, అదే వేగం, దూరం నుంచి షాట్ అంతంతమాత్రం. మారింది అవతలివాళ్ల అవసరం.

ఆ అవసరం ఏమిటో చెప్పడమే నీ పని. అప్పటికి ఫిలడెల్ఫియా 31 మ్యాచ్‌లు ఆడి ఒక్కటే గెలిచింది. జనరల్ మేనేజర్ శామ్ హింకీ లెక్క వేరు: అడుగున ఉంటే డ్రాఫ్ట్‌లో ముందు ఎంచుకునే అవకాశం పెరుగుతుంది, కాబట్టి కొన్నేళ్లు ఓడినా ఫరవాలేదు. నెర్లెన్స్ నోయెల్, జహ్లీల్ ఒకఫర్ లాంటి పొడవాటి కుర్రాళ్లను అలాగే పోగుచేశాడు. కానీ వాళ్లకు బంతి అందించే మనిషే లేడు. కుర్రాళ్లు రోజూ ఓడిపోతూ ఆట నేర్చుకోలేరు కదా. ఆ డిసెంబరులోనే జెర్రీ కొలాంజెలో పై పదవిలోకి వచ్చాడు, రాగానే జట్టు ఓ మాదిరిగానైనా నిలబడాలన్నాడు. ఇష్ పాయింట్ గార్డ్. అంటే ఏమిటో ఇక్కడ, ఈ సందర్భంలో చెప్పు: బంతిని కోర్టు మీదికి తీసుకెళ్లి, ఎవరు ఎక్కడుండాలో చూసి, సరైన క్షణంలో సరైన చేతికి అందించేవాడు. అతని విలువ పక్కవాళ్ల ఆటలో కనిపిస్తుంది. నువ్వు ఇదంతా మూడో పేజీలో విడిగా పాఠంలా చెప్పావు, అక్కడ ఎవరికీ పట్టదు. మూడు పాయింట్ల గీత దూరం, మ్యాచ్ ఎన్ని నిమిషాలు లాంటివి ఈ వ్యాసానికి అక్కర్లేదు.

ఇంకో మాట. "ఆ జట్టు తలరాతనే మార్చేశాడు" అని రాశావు. మార్చలేదమ్మా. ఆ సీజన్ 10 గెలుపులు, 72 ఓటములతో ముగిసింది. అంటే అతను వచ్చాక మిగిలిన 51లో 9 గెలిచారు. 31లో ఒకటి కంటే అది మెరుగే, తలరాత మారడం మాత్రం కాదు. నిజమైన లెక్క రాస్తే అతను చిన్నబోడు. పైగా పాఠకుడు ఆ తర్వాత నువ్వు చెప్పేదంతా నమ్ముతాడు.

క్రిస్మస్ ముందురోజు రాత్రి ఫోన్ మోగడం, అతను కిటికీలోంచి మంచు కురవడం చూస్తూ ఉండిపోవడం... ఇది నీకు ఎవరు చెప్పారు? న్యూ ఆర్లీన్స్‌లో మంచు కురవడం ఎంత అరుదో తెలుసా? మర్నాడు ఆ జట్టుకి మ్యాచ్ ఉన్నది మయామీలో, అక్కడ డిసెంబరులోనూ జనం సముద్రంలో దిగుతారు. నీకు అతని మీద జాలి కలిగింది, ఆ జాలికి తగ్గ వాతావరణం కల్పించావు. బతికున్న మనిషి గురించి రాసేటప్పుడు అతని గదిలోకి అనుమతి లేకుండా వెళ్లకు. అతను ఇంటర్వ్యూలో చెప్పి ఉంటే రాయి, ఎక్కడ చెప్పాడో కూడా రాయి. లేకపోతే తేదీలు చాలు. డిసెంబరు 24 అని రాస్తే పండగ సంగతి చదివేవాడికి తెలియదా?

మన పాఠకుడికి ఈ కథ ఎందుకు అని నీ మెయిల్ చివర అడిగావు. మంచి ప్రశ్న, దానికి జవాబు ఈ చెన్నైలోనే ఉంది. మా ఇంటికి దగ్గర్లో ఉన్న రైలు పెట్టెల ఫ్యాక్టరీ ఐసీఎఫ్, దక్షిణ రైల్వే, ఇండియన్ ఓవర్సీస్ బ్యాంక్, ఇన్‌కమ్ టాక్స్, పోలీసు శాఖ... ఇక్కడి బాస్కెట్‌బాల్ నిలబడింది ఇలాంటి జట్ల మీదే. స్పోర్ట్స్ కోటాలో చేరితే ఆట ఉన్నన్నాళ్లూ ఆట, తర్వాత అదే ఆఫీసులో సీటు, రిటైర్మెంటు. అందుకే 13 జట్లు అనగానే మనవాళ్లకి "పాపం, ఎక్కడా కుదురుకోలేకపోయాడు" అనిపిస్తుంది. ఆ అభిప్రాయాన్ని నీ వ్యాసం కదిలించాలి. నువ్వు కూడా పాపం అనేస్తే ఇంక రాసి ఏం లాభం?

కొట్టాయం నుంచి వచ్చి దక్షిణ రైల్వేలో ఉద్యోగం చేసిన బాస్కెట్‌బాల్ క్రీడాకారిణి గీతు అన్నా జోస్ గురించి చదువు. రైల్వే ఉద్యోగంలో ఉంటూనే ఆస్ట్రేలియాలో రింగ్‌వుడ్ క్లబ్‌కి ఆడింది. 2011లో అమెరికా మహిళల లీగ్ డబ్ల్యూఎన్‌బీఏ జట్లు షికాగో, లాస్ ఏంజెలెస్, శాన్ ఆంటోనియో ఆమెను ట్రయల్స్‌కి పిలిచాయి. అక్కడ చోటు దొరకలేదు. అయినా ఆమె వెనక ఒక ఉద్యోగం ఉంది. ఇష్ స్మిత్ వెనక ఏ ఉద్యోగమూ లేదు, ఏజెంటు ఫోన్ తప్ప. ఈ రెండు పద్ధతుల్లో ఏది మేలో నువ్వు తీర్పు చెప్పనక్కర్లేదు. రెండింటినీ పక్కపక్కన పెడితే చాలు.

2015 అన్నాను కదా, ఆ ఏడాది మనవాళ్లకి ఇంకోలా గుర్తు. జూన్‌లో డల్లాస్ 52వ పేరుగా పంజాబ్ కుర్రాడు సత్నామ్ సింగ్‌ని ఎంచుకుంది. డ్రాఫ్ట్‌లో ఎంపికైన తొలి భారతీయుడు అతనే. ఒక్క ఎన్‌బీఏ మ్యాచ్ కూడా ఆడలేకపోయాడు. డ్రాఫ్ట్‌లో పేరే లేని ఇష్ 14 సీజన్లు ఆడాడు. ఒక్క పేరాలో ఈ పోలిక పెట్టు, సాగదీయకు.

అమెరికా ఆటతో మనకేంటి అని ఎవరైనా అంటే నందనం వైఎంసీఏ వ్యాయామ కళాశాల వైపు చూపించు. జేమ్స్ నైస్మిత్ 1891లో ఈ ఆటను కనిపెట్టిన స్ప్రింగ్‌ఫీల్డ్ కళాశాలలోనే చదువుకున్న హ్యారీ క్రో బక్, 1920లో మద్రాసులో ఈ వ్యాయామ కళాశాలను మొదలుపెట్టాడు. ఒక సాయంత్రం అటు వెళ్లు. కుర్రాళ్లు ఆడుతుంటే బంతి చేతిలో లేనివాళ్లను చూడు, తర్వాత బంతి ఇచ్చినవాణ్ని చూడు. ఫిలడెల్ఫియా ఎవరి కోసం రెండు అవకాశాలు వదులుకుందో అప్పుడు నీ మాటల్లో రాయగలవు.

ముగింపు. డెన్వర్ కప్పుతో ఆపేశావు. 2023లో డెన్వర్ గెలిచింది, గెలిచిన జట్టువాళ్లకిచ్చే ఉంగరం అతనికీ వచ్చింది, నిజమే. కానీ ప్లేఆఫ్స్ అనే ఆ చివరి నాకౌట్ దశలో అతను కోర్టు మీద గడిపింది కొద్ది నిమిషాలే, ఆ సంగతి దాచకు. పైగా కథ అక్కడ అయిపోలేదు. తర్వాతి సీజన్ తను పుట్టిన ఊరు షార్లెట్‌కి ఆడాడు.

డబ్బు దగ్గర కూడా జాగ్రత్త. 2016 వేసవిలో డెట్రాయిట్ అతనికి మూడేళ్లకు 1.8 కోట్ల డాలర్లిచ్చింది. నువ్వు దాన్ని ఇవాళ్టి రేటుతో రూపాయల్లోకి మార్చావు. అప్పుడు డాలరు 67 రూపాయల చుట్టూ ఉండేది, 120 కోట్ల దగ్గర తేలుతుంది. "మూడేళ్లకు" అన్న మాట కూడా వదిలేశావు. అందులోంచి ఏజెంటు కమీషన్ పోతుంది, పన్నులు పోతాయి, ఆడటానికి వెళ్లిన చాలా రాష్ట్రాల్లో అక్కడి పన్ను వేరే. ఇంకా ముఖ్యమైనది, ఆ వేసవిలోనే టీవీ హక్కుల కొత్త ఒప్పందం వల్ల సాలరీ క్యాప్ 7 కోట్ల డాలర్ల నుంచి 9.4 కోట్లకు ఎగిరింది. జట్లన్నిటి చేతిలో డబ్బుంది. ఫిలడెల్ఫియాలో అతను బాగా ఆడాడు, సరిగ్గా అప్పుడే బజారు పెరిగింది. రెండూ రాయి. ఒకటి రాసి ఇంకొకటి వదిలేస్తే నీ పాఠకుల్లో ఆట తెలిసినవాడు అక్కడే పట్టుకుంటాడు.

ముందు ఫిలడెల్ఫియా భాగం ఒక్కటే రాసి పంపు. మిగతాది అది చూశాక మాట్లాడుకుందాం. నాన్నని అడిగానని చెప్పు.

ఆశీస్సులతో,
నీ బాబాయి