కేరళలో కెమెరాలు నటీమణుల వెంటే ఎందుకు పడతాయి?

“స్త్రీ పాత్రలను అంత నిజాయితీగా చూపించే మలయాళ పరిశ్రమలో నటీమణులను మీడియా ఇంతగా ఎలా వేధిస్తోంది?” అని అడిగారు. ఉద్యోగరీత్యా కొన్నేళ్లు కొచ్చిలో ఉన్నాను కనుక, కళ్లారా చూసినంత మేరకు చెబుతాను.

ఒకసారి అక్కడి బట్టల దుకాణం ప్రారంభోత్సవానికి ఒక నటి వచ్చారు. కారు తలుపు తెరుచుకోకముందే పది పన్నెండు మంది సెల్‌ఫోన్లతో మూగారు. వారిలో ఇద్దరు ఫోన్లను మోకాలి ఎత్తుకు దించి పట్టుకున్నారు. ఎందుకలా పట్టుకున్నారో, ఆమె కుచ్చిళ్లు అదిమిపట్టుకుని జాగ్రత్తగా కాలు కింద పెట్టడం చూశాక గాని నాకు అర్థం కాలేదు. సాయంత్రానికి ఆ అర నిమిషం దృశ్యం యూట్యూబులోకి ఎక్కింది. కొత్త సినిమాలోని తన పాత్ర గురించి ఆమె చెప్పిన నాలుగు మాటలు మాత్రం ఎక్కడా కనిపించలేదు.

ఇదే రాష్ట్రంలో 1965లోనే తిరువనంతపురంలో మంచి సినిమాలు చూసి చర్చించుకునే చిత్రలేఖ ఫిల్మ్ సొసైటీ వెలిసింది. ఏటా డిసెంబరులో జరిగే అంతర్జాతీయ చిత్రోత్సవంలో విద్యార్థులు ప్రపంచ సినిమా కోసం గంటల తరబడి వరుసలో నిలబడతారు. అయితే తెర మీది స్త్రీని గౌరవించే అభిరుచి తెర దిగిన స్త్రీకి రక్షణ అవుతుందని అనుకోలేము. మలయాళ తొలి మూకీ చిత్రంలో నాయర్ యువతిగా నటించిన దళిత స్త్రీ పి.కె. రోసీ, ప్రేక్షకుల ఆగ్రహానికి ఊరే విడిచి పారిపోవలసి వచ్చింది.

2017 ఫిబ్రవరిలో ఒక ప్రముఖ నటిపై కారులో దాడి జరిగిన తరువాత, సహనటీమణులు విమెన్ ఇన్ సినిమా కలెక్టివ్ అనే సినీరంగ స్త్రీల సంఘంగా ఏర్పడి ప్రభుత్వంపై ఒత్తిడి తెచ్చారు. దాంతో మలయాళ సినీరంగంలో స్త్రీల సమస్యలను పరిశీలించడానికి జస్టిస్ హేమ కమిటీ ఏర్పడింది. 2019 డిసెంబరులో అందిన నివేదిక 2024 ఆగస్టు 19న, అదీ కొన్ని భాగాలు తొలగించాక గాని బయటికి రాలేదు. చిత్రీకరణ స్థలాల్లో మరుగుదొడ్లు, బట్టలు మార్చుకునే గదులు లేక స్త్రీలు మంచినీళ్లు కూడా తాగకుండా గడుపుతున్నారని అందులో ఉంది. నన్ను అన్నిటికన్నా కలచివేసిన వాక్యం అదే. కానీ ఆ వారం నేను చూసిన టీవీ చర్చల్లో ఎక్కువ సేపు, సాక్ష్యం చెప్పిన నటి ఎవరై ఉంటారన్న ఊహాగానమే నడిచింది. ఫిర్యాదు చేసినవారి గతాన్ని తవ్వడంలో ఉన్న శ్రద్ధ, నీళ్లు తాగలేకపోతున్న జూనియర్ ఆర్టిస్టు మీద లేకపోయింది.

ఆ కమిటీలోని ముగ్గురు సభ్యుల్లో ఒకరు మన తెనాలి శారద గారు. జాతీయ ఉత్తమ నటి పురస్కారాల్లో రెండింటిని మలయాళ చిత్రాలకే అందుకున్న ఆమెకు ఆ పరిశ్రమ పరాయిది కాదు. ఆ నివేదిక వెలువడ్డాకే, తెలుగు పరిశ్రమలో లైంగిక వేధింపులపై తెలంగాణ ప్రభుత్వ ఉపసంఘం సమర్పించిన నివేదికనూ బయటపెట్టాలని సమంత కోరారు. కాబట్టి మలయాళ మీడియాను అడుగుతున్న ఈ ప్రశ్నను మన హైదరాబాదు ఛానళ్ల ముందూ ఉంచండి.