విడాకులు, ఉమ్మడి ఫ్లాట్ గొడవ మీడియేషన్‌లో తేలుతుందా?

భార్యాభర్తలిద్దరూ విడిపోవడానికి సిద్ధం, తగవంతా ఇద్దరికీ ఉమ్మడిగా ఉన్న కూకట్‌పల్లి ఫ్లాట్ దగ్గరే అని మీరు అంటున్నారు కాబట్టి తేలే అవకాశం బాగానే ఉంది. ఫ్యామిలీ కోర్టులో కేసు వేశాక మీడియేషన్‌కు పంపమని మీరే అడగవచ్చు. మధ్యవర్తి తీర్పు చెప్పరు, మాట్లాడిస్తారంతే. అక్కడ అన్న మాటలు తర్వాత కోర్టులో సాక్ష్యంగా వాడకూడదు. పెద్దమనుషుల పంచాయితీలో ఈ రక్షణ ఉండదు.

అసలు చిక్కు ఆస్తిలో ఉంది. మన చట్టంలో విడాకులు కాగానే ఆస్తి చెరిసగం అయిపోదు. ఎవరి పేరున ఉంది, డబ్బు ఎవరు కట్టారన్నదే చూస్తారు. పుట్టింటివాళ్లు పెట్టిన బంగారం స్త్రీధనం, అది పూర్తిగా భార్యదే, బేరంలో కలపకండి. ఫ్లాట్ ఒకరు ఉంచుకుంటే రెండోవారి వాటాను రిజిస్టర్డ్ పత్రంతో మార్చుకోవడం మంచిది. ఇక ఇద్దరి పేరునా తీసుకున్న ఇంటి లోన్! మీ ఒప్పందం బ్యాంకును కట్టిపడేయదు. బ్యాంకు ఒప్పుకుని పేరు తీసేదాకా ఈఎంఐ బాధ్యత ఇద్దరిదీ. చాలామంది ఇక్కడే దెబ్బతింటారు. అందుకే సంతకాలకు ముందే బ్రాంచ్‌కి వెళ్లి మాట్లాడండి.

ఒప్పందం కుదిరినా విడాకులు ఇచ్చేది కోర్టే. హిందూ వివాహ చట్టం 13బి కింద పరస్పర అంగీకార పిటిషన్‌కు ఏడాదిగా విడిగా ఉండాలి. పిటిషన్ వేశాక ఆగాల్సిన ఆరు నెలల గడువును తగిన కేసుల్లో మినహాయించవచ్చని సుప్రీంకోర్టు 2017లో చెప్పింది. భరణం, పిల్లల కస్టడీ కూడా ఆ ఒప్పంద పత్రంలోనే తేదీలతో రాయించండి.

ఇంట్లో కొట్టడం, బెదిరింపులు ఉంటే మాత్రం మొదట కోర్టు నుంచి రక్షణ ఉత్తర్వు తెచ్చుకోండి, మీడియేషన్ సంగతి తర్వాత.