రఘూ, అమ్మను తీసుకొచ్చే ముందు

చిరంజీవి రఘుకు పెద్దమ్మ ఆశీస్సులు.

అమ్మను తెనాలి నుంచి హైదరాబాద్ తీసుకొచ్చేస్తున్నావని మీ అక్క చెప్పింది. విన్నప్పటి నుంచి ఒక పక్క గర్వంగా ఉంది, ఒక పక్క గుబులుగా ఉంది. అల్జీమర్స్ అని పేరు పెట్టేశారు కాబట్టి, ఇక మీదట దానికి ఏమొచ్చినా ఆ జబ్బు ఖాతాలోనే రాసేస్తారేమోనని నా భయం.

వీధి తలుపుకి పైన గడియ పెట్టించు. వంట అయిపోగానే గ్యాస్ రెగ్యులేటర్ దగ్గరే కట్టెయ్యి. బాత్రూంలో రాత్రంతా లైటు ఉండాలి. ఫోన్ నంబరున్న కార్డు మెడలో వెయ్యి. ఇల్లు మారితే మొదట్లో తికమక ఎక్కువవుతుంది, అందుకని దాని మంచం, దుప్పటి, దేవుడి పటాలు కూడా తెచ్చుకో.

పొద్దు వాలే వేళకు "ఇంటికెళ్తాను" అని చీర కొంగు మడతపెడుతూ గుమ్మం దగ్గర నిలబడుతుంది. "ఇదే మనిల్లు కదమ్మా" అని వాదించకు. అక్కడ ఎవరున్నారని అడుగు. అది అడిగేది మా పుట్టిల్లేనేమో, పెరట్లో బావి, సాయంత్రం సన్నజాజులు కోయడానికి మేమిద్దరం పడ్డ పోట్లాటలు. కాసేపు చెప్పనిచ్చి కాఫీ ఇవ్వు. మీ నాన్న వచ్చారా అని అడిగితే పోయారని ప్రతిసారీ చెప్పకు. విన్న ప్రతిసారీ దానికి ఆ కబురు కొత్తే, ఏడుపూ కొత్తే.

ఇప్పుడు మా అత్తగారి సంగతి. మతిమరుపు ఉన్నా నెమ్మదిగా ఉండే మనిషి. ఒక ఎండాకాలం, రెండు రోజుల్లో మొత్తం మారిపోయింది. పగలంతా మగత, రాత్రంతా కేకలు. గదిలో పిల్లలున్నారని చూపించేది, అటెండెంట్‌ని కొట్టింది. జబ్బు ముదిరిందని అందరూ తేల్చేశారు. చూసిన డాక్టరు నాడి కూడా పట్టకుండా నిద్రకని గట్టి మందు రాశాడు. దాంతో ఒళ్ళు బిగుసుకుపోయింది, మింగలేకపోయింది, చివరికి పడిపోయింది. రక్తం తీసుకోవడానికి వచ్చిన నర్సమ్మ పక్క బట్టలు వాసన చూసి, "మూత్రం పరీక్ష చేయించారా?" అంది. ఇన్‌ఫెక్షన్! పక్క తడుపుతోందని అటెండెంట్ నీళ్ళు తగ్గించేసింది. మంటగా ఉందని చెప్పడం ఆవిడకు రాలేదు, అంతే. ఆ మందు తగ్గించి, ఇన్‌ఫెక్షన్‌కి మందు పడ్డాక, మళ్ళీ మనిషై కాఫీ అడిగింది.

అలా హఠాత్తుగా వచ్చే కలవరాన్ని డెలీరియం అంటారు. డిమెన్షియా, అంటే అల్జీమర్స్ లాంటి మతిమరుపు జబ్బు, నెలలు, ఏళ్ళ మీద ముదురుతుంది, ఇది గంటల్లో, రోజుల్లో వచ్చిపడుతుంది. మూత్రంలో ఇన్‌ఫెక్షన్, మలబద్ధకం, ఒంట్లో నీరు తగ్గడం, నొప్పి, జలుబుకని వేసుకునే కొన్ని బిళ్లలు, ఏదైనా కారణం కావచ్చు. కాబట్టి హఠాత్తుగా మారితే ముందు ఒళ్ళు చూడమను, తర్వాతే నిద్రమాత్ర. గోల తగ్గించడానికి రాసే కొన్ని మందుల మీద, డిమెన్షియా ఉన్న వృద్ధుల్లో మరణాల ముప్పు పెంచుతాయని అమెరికాలో మందులను నియంత్రించే సంస్థ ఎఫ్‌డీఏ 2005లోనే హెచ్చరించింది. అవి తప్పనిసరి అయ్యే రోజులూ ఉంటాయి. ఎందుకు, ఎంతకాలం అని అడుగు, నీకై నువ్వు మాత్రం ఆపెయ్యకు.

ఉద్యోగం మానేస్తానన్నావట. బుద్ధుందా? సెలవు పెట్టు, ఇంటి నుంచి పని చెయ్యి, మానకు. ఇంకో మాట, నాన్నా. స్నానానికి ఆడమనిషిని పెట్టుకో. నువ్వు కొడుకువే, కానీ నిన్ను గుర్తుపట్టని రోజున దాని కంటికి ఎవరో మగమనిషివి. సిగ్గుతో తిట్టినా, కొట్టినా మనసులో పెట్టుకోకు. నిన్ను ఒళ్ళో పడుకోబెట్టుకుని జ్వరానికి రాత్రంతా తడిగుడ్డ వేసిన చెయ్యే అది.

గాజులు దొంగిలించావని నిన్నే అంటుంది. నేను తీయలేదని అరవకుండా కలిసి వెతుకు. దిండు గలీబులో, బియ్యం డబ్బాలో చూడు.

పెద్దవాళ్ళ సాయానికి 14567 అని ఎల్డర్‌లైన్ ఉంది, రాసిపెట్టుకో. పండగ అయ్యాక వచ్చి కొన్నాళ్ళు నీ దగ్గరే ఉంటాను, వద్దనకు. నేనున్నన్నాళ్ళూ రాత్రిళ్ళు నువ్వు వేరే గదిలో పడుకోవాలి. ఈలోగా డాక్టరు దగ్గరికి వెళ్తే అది వాడే మందులన్నీ, జలుబు బిళ్లలతో సహా, ఒక సంచిలో వేసి తీసుకెళ్ళు. థైరాయిడ్, బి12 రిపోర్టులు మీ అక్క దగ్గరున్నాయి.

మీ పెద్దమ్మ