వెలిగే శిలీంధ్రాన్ని రాస్తున్న అమ్మాయికి

అమ్మా,

నీ నవల మొదటి ఐదు అధ్యాయాలూ చదివాను. కొండంత ఎత్తున, రాత్రంతా వెలుగుతూ ఉండే ఆ శిలీంధ్ర జీవి నాకు చాలా నచ్చింది. అందుకే కాస్త బాధ కూడా కలిగింది. ఇంత వింత ప్రాణిని ఊహించి, దాని చేత గర్జనలు చేయించావు, కళ్లెర్ర చేయించావు, చివరికి ఒక్క కత్తి వేటుకు కూల్చేశావు. ఆ పనులన్నీ రాక్షసుడు చేస్తాడు, పులి చేస్తుంది. శిలీంధ్రం బతుకు తీరు వేరు. ఆ తీరులోంచే నీ కథ పుట్టాలి.

ముందు అది ఏం తింటుందో తేల్చుకో. శిలీంధ్రానికి నోరూ కడుపూ ఉండవు. తన ఎంజైములను తిండి మీదికి వదిలి, బయటే అరిగించి, ఆ రసాన్ని పీల్చుకుంటుంది. అంటే తిండి ఎక్కడుంటే అక్కడికి పాకి, దాని లోపలే కాపురం పెట్టాలి. నీ జీవి ఊరి మీదికి నడిచి రావక్కర్లేదమ్మా. దూలాలు, గుమ్మాలు, నాగళ్లు, పడవలు, ఊళ్లో ఉన్నదంతా చెక్కే కదా. ఎప్పుడో వచ్చేసి ఉంటుంది. దీపం ఆర్పి పడుకున్న ఇల్లాలికి నెత్తి మీది దూలం పగుల్లో సన్నటి వెలుగు కనిపించిందని రాయి. రెండు పేజీల గర్జన కంటే ఆ ఒక్క వాక్యానికి టెన్షన్ ఎక్కువ.

దాని ఆకారం గురించి కూడా మళ్లీ ఆలోచించు. అమెరికాలో ఒరెగాన్ రాష్ట్రంలోని మాల్యూర్ అడవిలో ఆర్మిలేరియా జాతి శిలీంధ్రం ఒకటుంది. ఒకే ఒక్క ప్రాణి, సుమారు 965 హెక్టార్ల మేర నేల కింద అల్లుకుంది. వయసు వేల ఏళ్లని అంచనా. దాని మీద నిలబడ్డ మనిషికి అది కనబడదు. కనబడేవి నిలువునా ఎండిపోతున్న చెట్లు, బెరడు ఒలిస్తే తెల్లటి పొర, వేళ్లను పట్టుకుని బూటు లేసుల్లా పాకిన నల్లటి తీగలు. శరత్కాలంలో పైకి లేచే పుట్టగొడుగులు వెలగవు కూడా. ఈ జాతిలో వెలుగంతా చెక్కలోకి పాకిన పోగులదే.

అదంతా ఒకటే ప్రాణి అని తేల్చిన పద్ధతి నీకు బాగా పనికొస్తుంది. వేర్వేరు చోట్ల నుంచి తెచ్చిన ముక్కలను ఒకే పాత్రలో పెంచారు. ఒకే ప్రాణివైతే కలిసిపోతాయి, కాకపోతే మధ్యలో హద్దు గీసుకుని ఆగిపోతాయి. నీ కథలో రెండు రాజ్యాలున్నాయి, రెండింటి అడవుల్లోనూ వెలుగుంది. ఎవరి దేవత వాళ్లదని రెండు పక్కలా నమ్ముతున్నారు. ఒక పిల్ల రెండు అడవుల నుంచీ చెరో ముక్క తెచ్చి ఒకే కుండలో పెట్టిందనుకో. ఆ కుండలో ఏం జరిగిందో తెలిశాక కూడా నీ నాలుగో అధ్యాయంలో యుద్ధం అలాగే జరుగుతుందా?

ఇక వెలుగు. నువ్వు నీలి మెరుపులు రాశావు. నిజం శిలీంధ్రాల వెలుగు లేత ఆకుపచ్చ. వేడి ఉండదు, మిణుగురులా మినుకుమినుకుమనదు, నిలకడగా ఉంటుంది. చాలా మసక కూడా. చీకటికి కళ్లు అలవాటుపడితే తప్ప తెలియదు. లూసిఫెరిన్ అనే పదార్థం ఆక్సిజన్‌తో కలిస్తే పుట్టే వెలుగు కాబట్టి దానికి గాలి కావాలి. 1667లో రాబర్ట్ బాయిల్ అనే శాస్త్రవేత్త వెలిగే చెక్కను గాజు పాత్రలో పెట్టి గాలి తోడేశాడు. వెలుగు పోయింది. గాలి మళ్లీ వదిలితే తిరిగొచ్చింది. నీ వీరుడి చేతిలో కత్తి తీసేసి ఈ సంగతి పెట్టు. అతను గుహ ద్వారం మూసేస్తాడు, వెలుగు ఆరిపోతుంది, చచ్చిందని ఊరంతా పండగ చేసుకుంటుంది. ఆ పండగలో అతనొక్కడికే అనుమానం.

ఊహాలోకం కదా, నా ఇష్టం అంటావేమో. నీ ఇష్టమే. రంగు మార్చు, వెలుగు పదింతలు చెయ్యి. కానీ అంత వెలుగుంటే ఆ ఊళ్లో పక్షులు ఎప్పుడు నిద్రపోతాయి, దొంగలు ఎక్కడ దాక్కుంటారు, వెన్నెల గురించి వాళ్లకు పాటలుంటాయా? ఒకటి మారిస్తే దాని వెంట కదిలేవాటిని చివరిదాకా చూసి రావాలి. ఫాంటసీలో నేను శ్రమ అనేది దాన్నే.

ఎందుకు వెలుగుతోంది అన్న ప్రశ్న కూడా వదలకు. బ్రెజిల్‌లో తాటి జాతి చెట్ల మొదళ్లలో వెలిగే ఒక పుట్టగొడుగును జనం కొబ్బరి పువ్వు అంటారు. అది రాత్రిపూటే ఎక్కువ వెలుగుతుందని 2015లో వచ్చిన పరిశోధన చెప్పింది. ఎల్ఈడీ దీపాలు పెట్టిన నకిలీ పుట్టగొడుగులను అడవిలో ఉంచితే వెలగని వాటి కంటే వీటి దగ్గరికే పురుగులు ఎక్కువగా వచ్చాయి. అలా వచ్చిన పురుగులు బీజాలను మోసుకుపోగలవు. నీ రెండో అధ్యాయంలో ఆ వెలుగు చూడటానికి దూరదేశాల నుంచి యాత్రికులు వస్తారు, మొక్కుకుని వెళ్లిపోతారు. వాళ్ల పైబట్టల మడతల్లో ఏం వెళ్తోంది? నువ్వు చాలా మంచి సన్నివేశం రాసి, అందులో ఉన్నది చూడకుండా దాటేశావు.

వీలైతే వానాకాలంలో మహారాష్ట్రలోని భీమాశంకర్ అడవికి వెళ్లు. అక్కడ తడిసిన పుల్లలు రాత్రిళ్లు వెలుగుతాయి. తెలిసినవాళ్లను తోడు తీసుకో, ఫోన్ లైటు ఆర్పేసి ఓపికగా నిలబడు.

మూడో అధ్యాయంలో రోజూ సాయంత్రం గుహలోకి ఎండుకట్టెలు వేసే ముసలావిడ ఉంది చూడు, ఆవిడను రెండు పేరాల్లో ముగించేశావు. మన దగ్గర తొలకరికి పుట్టల మీద లేచే పుట్టగొడుగులను లోపల చెదపురుగులే సాగు చేస్తాయి. నమిలిన కట్టె శిలీంధ్రానికి పెడతాయి, అది అరిగించింది తాము తింటాయి. ఆవిడకూ ఆ జీవికీ మధ్య అలాంటి ఒప్పందం ఏదో ఉండాలి. ఏ కట్టె వేస్తుంది, ఏది ముట్టుకోదు, ఈ పని ఎవరు నేర్పారు, బదులుగా ఇంటికి ఏం తెచ్చుకుంటుంది? ఆ ఒక్క అధ్యాయం ముందు రాసి పంపు. యుద్ధం సంగతి తర్వాత మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
నీ ఉత్తరం కోసం ఎదురుచూసే
పెద్దమ్మ