పాట రాసే అమ్మాయి సంతకం పెట్టే ముందు

ప్రశ్న: మాది నెల్లూరు జిల్లా కావలి. మా అమ్మాయికి పదిహేడేళ్లు, ఇంటర్ ఎంపీసీ పూర్తి చేసింది. సొంతంగా పాటలు రాసి, వరస కట్టి, గిటార్ వాయిస్తూ పాడి ఫోన్‌లో రికార్డు చేస్తుంది. అమెరికా గాయని టేలర్ స్విఫ్ట్ లాగా తన పాటలే పాడుకుంటూ బతుకుతానని, చదువు మానేస్తానని అంటోంది. మావారు ఇంజనీరింగ్‌లో చేరాల్సిందేనని పట్టుబడుతున్నారు. ఇంతలో ఒక మ్యూజిక్ సంస్థ ఐదు పాటలకు ‘సర్వహక్కులు’ అని రాసిన అగ్రిమెంటు పంపి, నన్ను సంతకం పెట్టమంటోంది. ఏం చేయాలి?

జవాబు: అమ్మా, మీరు పంపిన మూడు పాటలూ రెండేసి సార్లు విన్నాను. రెండో పాట మధ్యలో వంటింట్లో కుక్కర్ విజిల్ వేసినా మీ అమ్మాయి ఆగకుండా చరణం పూర్తి చేసింది. పై స్థాయికి వెళ్లినప్పుడు గొంతు నిలకడ తప్పుతోంది కానీ, అది మంచి గురువు దగ్గర సాధన చేస్తే సర్దుకునే లోపం. తుమ్మలపెంట సముద్రతీరం నుంచి ఆఖరి ఆటోలో ఇంటికి వస్తూ చెప్పుల్లోని ఇసుకను దులుపుకోబుద్ధి కాలేదని రాసిందే, ఆ మాట మాత్రం ఎవరూ నేర్పితే వచ్చేది కాదు. గొంతు బాగున్న పిల్లలు నా దగ్గరికి చాలామంది వస్తారు. ఇలా రాయగలిగిన పిల్లలు అరుదుగా వస్తారు. అందువల్ల మీ అమ్మాయిని గాయనిగా కంటే ముందు రచయిత్రిగా చూడమని మిమ్మల్నీ మీవారినీ కోరుతున్నాను.

ఆమె ఆదర్శంగా పెట్టుకున్న టేలర్ స్విఫ్ట్ జీవితం కూడా ఇదే చెబుతుంది. 1989లో పెన్సిల్వేనియాలో పుట్టిన ఆమె కోసం కుటుంబం అమెరికాలో పాటల పరిశ్రమకు పేరున్న నాష్‌విల్ నగరం దగ్గరికి మకాం మార్చింది. పద్నాలుగేళ్ల వయసులోనే ఒక సంగీత ప్రచురణ సంస్థ ఆమెను పాటల రచయిత్రిగా తీసుకుంది, 2006లో, పదహారో ఏట, మొదటి ఆల్బమ్ వచ్చింది. పాటల కోసం ఊళ్లు తిరుగుతూనే ఆమె ఇంటి దగ్గర చదివే పద్ధతిలో హైస్కూలు పూర్తి చేశారన్న సంగతి మీ అమ్మాయికి తప్పక చెప్పండి. 2019లో ఆమె మొదటి ఆరు ఆల్బమ్‌ల మాస్టర్లు, అంటే అసలు రికార్డింగులు, ఆమెకు ఇష్టం లేకుండా వేరొకరి చేతికి వెళ్లాయి. పాటలు రాసింది తానే కావడం వల్ల, 2021 నుంచి వాటిలో నాలుగు ఆల్బమ్‌లను కొత్తగా పాడి విడుదల చేయగలిగారు. చివరికి 2025లో పాత రికార్డింగులను కూడా కొనుక్కున్నారు. రాయకుండా పాడడం మాత్రమే చేసి ఉంటే ఆ దారి ఆమెకు అంత సులువుగా దొరికేది కాదు.

ఇప్పుడు మీ చేతిలో ఉన్న కాగితం సంగతి చూద్దాం. అమ్మాయికి 18 ఏళ్లు నిండలేదు కనుక కాంట్రాక్టు చట్టం ప్రకారం ఆమె సంతకం చెల్లదు; అందుకే మీ సంతకం అడుగుతున్నారు. ఒక పాటలో మాటలు, వరస, రికార్డింగ్ అనే మూడు వేర్వేరు ఆస్తులు ఉంటాయి. మాటలూ వరసా ఎక్కడా రిజిస్టరు చేయించకపోయినా, 1957 నాటి కాపీరైట్ చట్టం కింద, అవి పుట్టినప్పటి నుంచీ మీ అమ్మాయివే. ఆమె జీవితకాలమంతా, ఆ తరువాత మరో 60 ఏళ్లు ఆ హక్కు ఉంటుంది. స్టూడియో ఖర్చు భరించే సంస్థ రికార్డింగ్ తనదనడంలో అన్యాయం లేదు, కానీ దానితో పాటు మాటలనూ వరసనూ శాశ్వతంగా రాసిమ్మనడం నాకు సమ్మతం కాదు. హక్కులు రాసిచ్చే కాగితంలో కాలపరిమితి లేకపోతే చట్టం దానిని ఐదేళ్లుగా, ప్రాంతం పేర్కొనకపోతే భారతదేశం వరకే అని లెక్కిస్తుంది. 2012లో వచ్చిన సవరణ ప్రకారం, పాట వినియోగం మీద వచ్చే రాయల్టీలో రచయితకూ స్వరకర్తకూ ఉన్న వాటాను వదులుకుంటున్నట్టు రాయించుకున్నా అది చెల్లదు. ఆ రాయల్టీని వసూలు చేసి పంచే ఐపీఆర్ఎస్ అనే సంఘం 1969 నుంచి ఉంది. పాటలు విడుదలయ్యాక అమ్మాయిని అందులో సభ్యురాలిగా చేర్పించండి.

ఇంత వివరంగా చెప్పడానికి కారణం ఉంది. చాలా ఏళ్ల క్రితం ఒంగోలు నుంచి వచ్చిన ఒక కుర్రవాడు తాను రాసిన పాటను ఎవరిదో పెళ్లి ఊరేగింపులో విన్నానని, దాని మీద తన పేరు ఎక్కడా లేదని నా ముందు కూర్చుని కన్నీళ్లు పెట్టుకున్నాడు. చదవకుండా అతడు సంతకం చేసిన కాగితం ఒక్క పేజీయే. అప్పటికి నాకు ఈ చట్టం తెలియదు, అతడికి ఏ దారీ చూపలేకపోయాను.

చదువు విషయంలో మీవారి ఆందోళన న్యాయమైనదే. నెల్లూరులో హరికథలు చెప్పిన సాంబమూర్తి గారి కుమారుడు ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గారు అనంతపురంలో ఇంజనీరింగ్‌లో చేరి, టైఫాయిడ్ వల్ల ఆపేసి, మద్రాసులో ఏఎంఐఈ అనే ఇంజనీరింగ్ కోర్సు చదువుతూ పోటీల్లో పాడారు. 1966లో మొదటి సినిమా పాట వచ్చింది. చదివే ఊరూ పాడే ఊరూ ఒకటే కావడం ఆయనకు ఎంతో కలిసివచ్చింది. కాబట్టి ఉదయం నుంచి రాత్రి దాకా స్టడీ అవర్లతో కట్టిపడేసే హాస్టల్ ఇంజనీరింగ్ కాలేజీ మీ అమ్మాయికి తగదని నా అభిప్రాయం. నెల్లూరులోనో చెన్నైలోనో సాయంత్రాలు ఖాళీ దొరికే డిగ్రీలో చేర్పించి, ఆ సాయంత్రాల్లో శాస్త్రీయ గాత్రం నేర్పించండి. బాలు గారి పేరు పెట్టిన ప్రభుత్వ సంగీత, నృత్య పాఠశాల నెల్లూరులోనే ఉంది. ఏఆర్ రెహమాన్ గారు 2008లో స్థాపించిన కేఎం మ్యూజిక్ కన్జర్వేటరీ చెన్నైలో ఉంది. అయితే ఫీజు వివరాలు ముందు కనుక్కుని, మీ స్తోమతను బట్టి ఆలోచించండి.

అంతవరకు అమ్మాయి ప్రతి పాటనూ నోటు పుస్తకంలో తేదీ వేసి రాసుకోవాలి, వరస కుదిరిన రోజునే ఫోన్‌లో పాడి, తేదీకి ఆధారంగా ఉండేలా తన ఈమెయిల్‌కు తానే పంపుకోవాలి. మ్యూజిక్ సంస్థకు మాత్రం న్యాయవాదికి చూపించి నెల రోజుల్లో చెబుతామని మర్యాదగా జవాబు రాయండి. అగ్రిమెంటులో కాలపరిమితి అన్న చోట, రాయల్టీ అన్న చోట ఏమని ఉందో ఆ రెండు పేరాలు ఫోటో తీసి నాకు పంపించండి, అమ్మాయికి 18 ఏళ్లు ఏ నెలలో నిండుతాయో కూడా తెలియజేయండి.