లిఫ్టులో ఎవరైనా ఉంటే మెట్లెక్కేస్తున్నా!

ప్రశ్న: నా వయసు 27. హైదరాబాద్‌లో ఉద్యోగం. లిఫ్టులో ముక్కూమొహం తెలియనివాళ్లు ఉంటే ఏదో మరిచిపోయినట్టు జేబులు తడుముకుని వెనక్కి తిరుగుతాను. ఆరంతస్తులూ మెట్లెక్కుతాను. మెట్రోలో ఎవరైనా నావైపు చూస్తే ఫోన్ మాట్లాడుతున్నట్టు నటిస్తాను. గుండె దడ, అరచేతుల్లో చెమట. రెండేళ్లుగా ఇదే వరస. ఇది జబ్బా డాక్టర్ గారూ?

జవాబు: కొత్తవాళ్లతో మాటలు కలపాలనిపించకపోవడం జబ్బేమీ కాదండీ. పొద్దున్నే లిఫ్టులో ‘ఏ ఊరు, జీతమెంత, పెళ్లయిందా’ అని మొదలుపెట్టేవారు కనిపిస్తే నాకూ మెట్లే నయమనిపిస్తుంది. మీ విషయం వేరు. వాళ్లు నా గురించి ఏమనుకుంటారో అన్న భయం మీది. అది ఆరు నెలలకు మించి ఉండి, రోజువారీ పనులకు అడ్డుపడుతుంటే సోషల్ యాంగ్జైటీ డిజార్డర్ అంటాం. చాలామందిలో టీనేజీలోనే మొదలవుతుంది. ‘మావాడికి సిగ్గెక్కువ’ అని ఇంట్లో సరిపెట్టేసుకుంటారు.

మీరు రాసినదాంట్లో ఆ ఉత్తుత్తి ఫోన్ దగ్గర నేను ఆగిపోయాను. మెట్లవైపు తిరగగానే దడ తగ్గి హాయిగా ఉంటుంది కదా? చిక్కంతా ఆ హాయితోనే. ‘తప్పించుకున్నాను కాబట్టి సరిపోయింది’ అని మనసు లెక్కేసుకుంటుంది. లిఫ్టెక్కినా ఏమీ కాదని దానికి తెలిసేదెప్పుడు? అందుకే భయం తగ్గదు, ఒక్కోసారి పెరుగుతుంది కూడా.

సాధన మెట్రోలో మొదలుపెట్టండి. లిఫ్టు ప్రయాణం అరనిమిషంలో అయిపోతుంది, దడ దిగేంత వ్యవధి ఉండదు. రద్దీ లేని వేళ ఎక్కి, ఫోన్ జేబులోనే ఉంచి, ఏడెనిమిది స్టేషన్లు అలాగే కూర్చోండి. ఎవరినీ పలకరించక్కర్లేదు. దడ వస్తే రానివ్వండి, కాసేపటికి అదే నెమ్మదిస్తుంది. వీలైతే రోజూ చేయండి. కాస్త అలవాటయ్యాక పక్కవారిని ‘వచ్చేది ఏ స్టేషనండీ?’ అని అడగండి. లిఫ్టు సంగతి ఆ తర్వాత చూద్దాం.

ఈలోగా ఒకసారి థైరాయిడ్ పరీక్ష చేయించుకోండి. థైరాయిడ్ గ్రంథి ఎక్కువగా పనిచేసినా ఇలాగే దడ, చెమటలు ఉంటాయి. కాఫీ తగ్గించండి. నలుగురిలోకి వెళ్లేముందు ధైర్యం కోసం ఒక పెగ్గు వేసే అలవాటుంటే వెంటనే మానండి.

ఇది నిజంగా ఆ సమస్యేనా అన్నది నేరుగా చూసిన సైకియాట్రిస్టే తేల్చాలి. ఆలోచనల తీరునూ అలవాట్లనూ మార్చుకోవడం నేర్పే మాటల చికిత్స, కాగ్నిటివ్ బిహేవియర్ థెరపీ, దీనికి బాగా పనిచేస్తుంది. కొందరికి మందులూ అవసరమవుతాయి. వాటి గుణం కనిపించడానికి కొన్ని వారాలు పడుతుంది, సొంతంగా ఆపేయకూడదు. క్లినిక్‌కు వెళ్లడానికే జంకుగా ఉంటే 14416కు ఫోన్ చేయండి. అది కేంద్ర ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్, ఉచితం, తెలుగులోనే మాట్లాడతారు. అక్కడా ఎత్తేది కొత్తవాళ్లే మరి. మొదటిసారి కాగితం మీద రాసుకుని చదివినా ఎవరూ ఏమీ అనుకోరు.